నాలుక మండించిన రాయి

"ఈ చెప్పులు ముందు చూసిందెవరు?" అని అడిగాను.

క్వారీ గుంట ఒడ్డున పదిమంది దాకా నిలబడి ఉన్నారు. గుంటలో ఎస్సైగారు పంపిన ఈతగాళ్లు ఇద్దరు మునుగుతూ తేలుతూ ఉన్నారు. పొద్దుటినుంచి వాళ్లకు దొరికింది ఒక చిల్లుపడ్డ బకెట్టు, అంతే.

"మేకల కాపరి. నిన్న పొద్దున," అంది వెనకనుంచి ఒక గొంతు.

ఆ గొంతు వింటే చాలు, నాకు ఒళ్లు మండుతుంది. శ్రీకృష్ణ. గుంటూరులో పేరున్న ప్రైవేటు డిటెక్టివులం ఇద్దరమే. నాది అరండల్‌పేటలో మేడమెట్ల పక్కన ఒక గది. వాడిది లక్ష్మీపురంలో ఏసీ ఆఫీసు, తెల్ల క్వాలిస్, నడుముకు సెల్‌ఫోను. ఈ గుట్టల్లో సిగ్నలు లేకపోయినా ఆ ఫోను చేత్తో పట్టుకునే తిరుగుతున్నాడు.

"యలమందయ్యా, నిన్నెవరు పిలిచారు ఇక్కడికి?"

"కూతురు కనపడక ఏడుస్తున్న తండ్రి పిలిచాడు. నిన్నెవరు పిలిచారు?"

"అది నీకు చెప్పను."

"చెప్పక్కర్లేదు. కంపెనీవాళ్లే అయ్యుంటారు. డబ్బున్న చోటే కదా నువ్వు వాలేది."

వాడు ఏదో అనబోయాడు. నా పక్కనున్న జక్రయ్యగారిని చూసి మింగేశాడు. సిగ్గుపడ్డాడనుకున్నాను.

జక్రయ్యగారు నా క్లయింటు. రిటైరైన మిషన్ స్కూలు మాస్టారు. నిన్న సాయంత్రం నా గదికి వచ్చి, కూతురి ఫోటో బల్లమీద పెట్టి, ముఖం చేతుల్లో దాచుకున్నాడు. ఫోటోలోని అమ్మాయి స్తుతి. ఇరవయ్యారేళ్ల జియాలజిస్టు. పొదిలి రోడ్డు మీద ఒక గనుల కంపెనీ పెట్టిన క్యాంపులో ఏడాదిగా పనిచేస్తోంది. ఇక్కడి ఉత్తరపు గుట్టల్లో రాళ్లు రెండు వందల యాభై కోట్ల ఏళ్లనాటివట. వాటిలో టాంటలం అనే ఖనిజం ఉందని, సెల్‌ఫోన్ల తయారీకి దేశదేశాలూ దానికోసం ఎగబడుతున్నాయని కంపెనీ ఊదరగొడుతోంది. జనం పొలాలమ్మి మరీ ఆ కంపెనీలో వాటాలు కొంటున్నారు. అలాంటి చోట మొన్న మంగళవారం స్తుతి రాళ్లకని వెళ్లి తిరిగి రాలేదు. బుధవారం ఈ గుంట ఒడ్డున ఆమె చెప్పులు, గుడ్డసంచి దొరికాయి.

నేను చెప్పుల దగ్గర గొంతుక్కూచున్నాను. రెండూ పక్కపక్కనే, కొనలు నీళ్లవైపు, గుడి బయట విడిచినంత పద్ధతిగా ఉన్నాయి.

"కాలు జారిపడే మనిషి చెప్పులు విప్పి, జత కలిపి పెట్టి పడుతుందా?"

"జారిందని ఎవరన్నారు? దూకి ఉండొచ్చు," అన్నాడు శ్రీకృష్ణ.

"దూకదలచుకున్న పిల్ల ఈ సంచిలో రాళ్లు మోసుకుని వస్తుందా?"

"ఆమె ఉద్యోగమే రాళ్లు కదయ్యా! ఎందుకు లేనిపోని వంకలు పెడతావు? పాపం, పిల్ల పోయింది. తండ్రిని ఇంకా ఎందుకు ఏడిపిస్తావు?"

జక్రయ్యగారు ముందుకొచ్చాడు. చెప్పుల వంక చూడలేదు. సంచి తీసుకుని, అందులోని చిన్న చిన్న మూటలు ఒక్కొక్కటే విప్పి, రాళ్లు బయటికి తీసి చూశాడు. దుఃఖంలో మనిషి ఏం చేస్తాడో ఎవరు చెప్పగలరు? నాకు జాలేసింది. సంచి మెల్లగా అతని చేతిలోంచి తీసుకున్నాను.

"మాస్టారూ, రండి. ముందు క్యాంపులో నాలుగు మాటలు కనుక్కుందాం."

క్యాంపు అంటే ఒకప్పుడు పొగాకు ఆరబెట్టిన పాడుబడ్డ బ్యారన్. గోడలకు ఇంకా ఆ వాసన పోలేదు. ఒక మూల రాళ్ల మూటలు వరసగా పేర్చి ఉన్నాయి. కంపెనీ పెద్దలెవరూ లేరు. జీపు డ్రైవరు సిలార్ ఒక్కడే ఉన్నాడు. ముప్పై ఏళ్ల మనిషి, నన్ను చూడగానే బీడీ పారేసి లేచాడు. జక్రయ్యగారిని బయట కారులో కూర్చోబెట్టి వచ్చి, తలుపు దగ్గరికి వేశాను.

"మంగళవారం మేడమ్‌ని ఎక్కడ దింపావు?"

"ఉత్తరపు గుట్ట కింద సార్. పదింటికి. నాలుగింటికి రమ్మన్నారు. వెళ్లాను. లేరు."

"నాలుగింటికి లేకపోతే క్యాంపులో ఎప్పుడు చెప్పావు?"

"ఏడింటికి సార్."

"గుట్ట నుంచి ఇక్కడికి జీపులో పావుగంట. మిగతా టైమంతా ఏం చేశావు?"

సిలార్ నీళ్లు నమిలాడు. "వెతికాను సార్. పేరు పెట్టి పిలిచాను."

"గుట్టకి వెళ్లేటప్పుడు మేడమ్ ఏం తొడుక్కుంటారు కాళ్లకి?"

"బూట్లు సార్. ముళ్లు, పాములు..." అని ఠక్కున ఆగిపోయాడు.

స్తుతి గది చూశాను. మంచం కింద బూట్లు లేవు. చెప్పులు పెట్టుకునే చోట దుమ్ములో జత చెప్పుల ఆకారం తేటగా ఉంది. అంటే ఆ పిల్ల బూట్లు తొడుక్కునే వెళ్లింది. ఆ తర్వాత ఎవరో ఈ గదిలోంచి చెప్పులు పట్టుకెళ్లి గుంట ఒడ్డున అలంకరించారు. తాళం చెవి ఎవరి దగ్గర ఉంటుందని అడిగితే సిలార్ తన జేబు వైపే చూశాడు. నాకు లోపల్లోపల పండగలా ఉంది.

"చెప్పులు నువ్వే తెచ్చిచ్చావు. ఎవరికిచ్చావు?"

"నాకేం తెలీదు సార్."

"చూడు, ఆ పిల్లని చంపి నీళ్లలో పారేసిన వాళ్లకి నువ్వు సాయం చేశావని రేపు కోర్టులో నేనే చెప్తాను."

"నేనా?" వాడి కళ్లలో నీళ్లు తిరిగాయి. "మా పిల్లకి జొరమొస్తే రాత్రంతా ఆస్పత్రిలో నాతో కూర్చున్న మనిషండీ ఆమె. ఆమెని నేను..." ఇంక ఎంత గద్దించినా లాభం లేకపోయింది.

విసుగొచ్చి సంచిలో రాళ్లు బల్లమీద పోశాను. మూడు రాళ్లు. పిడికెడంత తెల్లరాయి, మధ్యలో నల్ల పలుకులు. ఒక్కొక్కదాని మూటమీద 'ఉ-17' అని రాసి ఉంది. ఉత్తరపు గుట్ట, పదిహేడో చోటు అని అర్థం అన్నాడు సిలార్.

"ఈ నల్లవేనా టాంటలం అంటే?"

"పొడిగా చూస్తే తెలీదు సార్. మేడమ్ అయితే నాలుకతో తడిచేసి చూస్తారు. తడిస్తే పలుకు రంగు బయటపడుద్దంట. రాళ్లవాళ్లందరూ అంతే సార్, నాకకుండా చూడరు."

పోయేదేముంది అనుకుని నేనూ ఒక రాయి అందుకుని, కొత్తగా పగలని, గరుకుగా ఉన్న పాత వైపు నాలుక ఆనించాను.

ఒక్క క్షణం ఏమీ లేదు. ఆ తర్వాత నాలుక కొస భగ్గుమంది. కళ్లల్లోంచి నీళ్లు కారాయి. కుండలో నీళ్లు ముంచుకుని పుక్కిలించినా తగ్గలేదు. ఫిరంగిపురం దగ్గర మిరప చేల మధ్య పుట్టి పెరిగినవాణ్ణి. ఈ మంట నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది? తేజ రకం కాయ. రాతి పగుళ్లలో ఎర్రటి పొడి సన్నగా పట్టుకుని ఉంది.

ఉత్తరపు గుట్టల మీద మిరపమొక్క మాట అటుంచి, ముళ్లకంప కూడా సరిగా మొలవదు. అక్కడి రాయికి మిరప ఘాటు ఎక్కడిది? ఈ రాయి గుట్టమీదిది కాదు. మిరపకాయలు ఆరబోసే బండమీదిది. కంపెనీవాళ్లు ఎక్కడో ఉన్న రాయి పగలగొట్టి తెచ్చి, ఉత్తరపు గుట్టదని చీటీ రాసి లోకానికి చూపిస్తున్నారు. గుట్టల్లో ఏమీ లేదు! ఆ సంగతి స్తుతి నాలుకకు ముందే తెలిసి ఉండాలి. మంగళవారం ఆమె వెళ్లింది గుట్టకి కాదు, ఈ రాయి పుట్టిన కళ్లానికి.

తల ఎత్తి చూస్తే సిలార్ ముఖంలో నెత్తురు చుక్క లేదు.

"సార్, ఇక్కడితో వదిలెయ్యండి సార్. మీకు దణ్ణం పెడతా."

"ఎవరికి భయపడుతున్నావు నువ్వు?"

వాడు తలుపు సందులోంచి నా కారు వైపు ఒక చూపు చూసి, తల దించుకున్నాడు.

నేను రాయి జేబులో వేసుకుని చంకలు గుద్దుకుంటూ బయటికొచ్చాను. కారు పక్కన జక్రయ్యగారితో పాటు శ్రీకృష్ణ కూడా ఉన్నాడు. క్వాలిస్ నా మారుతీకి అడ్డంగా నిలిపాడు. వాణ్ణి చూసేసరికి నాకు నోరు ఆగలేదు. ఆగదు కూడా.

"ఏమోయ్, నీ నీళ్లలో పడ్డ కథ ఇంటికి తీసుకెళ్లి దాచుకో. మాస్టారూ, మీ అమ్మాయి ఈ గుంట దగ్గరికి అసలు రాలేదు. ఆమె బూట్లు లేవు. చెప్పులు ఎవరో తెచ్చి పెట్టారు. ఈ రాయి చూశారా? నాలుకమీద పెడితే మంట. మిరపకాయల కళ్లం ఉన్న బండమీది రాయి ఇది. మామూలుగా కళ్లాలన్నీ మట్టి నేలమీదే కదా. బండమీద కళ్లం చుట్టుపక్కల ఎన్ని ఉంటాయి? అక్కడికి వెళ్తే మీ అమ్మాయి జాడ దొరుకుతుంది."

జక్రయ్యగారు నా చెయ్యి రెండు చేతులతో పట్టుకున్నాడు. "బతికే ఉందంటారా?"

"చచ్చినట్టు చూపించడానికి ఇంత తంటాలు పడ్డారంటే, శవం లేనట్టే కదా!"

శ్రీకృష్ణ ముఖం పాలిపోయింది. నా భుజం పట్టుకుని పక్కకు లాగాడు.

"యలమందయ్యా, రెండు నిమిషాలు. ఆయన్ని ఇక్కడే ఉండమను. నువ్వొక్కడివే రా, మాట్లాడాలి."

"నా క్లయింటుకు తెలియకూడని మాట నాకు అక్కర్లేదు."

"ఒరేయ్, నిన్న రాత్రి నీకు ఫోన్ చేశాను. నా గొంతు వినగానే పెట్టేశావు. ఇప్పుడైనా విను."

"ఎంతిస్తానంటున్నారు మీ కంపెనీవాళ్లు? సగం సగమా?"

వాడు చెయ్యెత్తాడు. కొడతాడనుకున్నాను. కొట్టలేదు. చెయ్యి దించి, జక్రయ్యగారి వైపు చూస్తూ, "నీ ఇష్టం," అన్నాడు. నేను కారు వెనక్కి తీసి, వాడి క్వాలిస్ పక్కనుంచి గీరుకుంటూ వెళ్లిపోయాను. అద్దంలో వాడు సిలార్‌తో మాట్లాడుతూ కనిపించాడు.

రోడ్డుమీద టీ బంకువాణ్ణి అడిగితే బండ కళ్లం ఒక్కటేనన్నాడు. తెల్లబండపాలెం, కోటేశ్వరమ్మగారిది. ఊరికి ఇవతలే.

అక్కడికి వెళ్లేసరికి మిట్టమధ్యాహ్నం. ఎకరం నిండా పరుచుకున్న బండ, దానిమీద ఎర్రగా కాయలు. పక్కన తాటాకు పందిరి కింద ఆడకూలీలు తాలుకాయలు ఏరుతున్నారు. ఘాటు ముక్కులకు ఎక్కకుండా అందరూ తువ్వాళ్లతో కళ్లు తప్ప ముఖమంతా చుట్టుకున్నారు. కాయలు నెట్టే పళ్ల కర్ర, పలుగోల, పట్టుకుని ఒక నడివయసు ఆవిడ మాకు ఎదురొచ్చింది.

"ఎవరు మీరు? కాయ కొనడానికైతే ఇంకా ఎండలేదు."

"కాయలకి కాదమ్మా. మీ బండ చూడాలి."

"బండలో ఏముంది చూడ్డానికి?"

జక్రయ్యగారు దగ్గుతూ నా చెవిలో, "బాబూ, ఈ ఘాటుకి నాకు ఊపిరాడటం లేదు. ఊళ్లో ఫోనుంటే వాళ్లమ్మకి ఒక్క మాట చెప్పొస్తాను. కారు తాళం ఇస్తారా?" అన్నాడు. ఇచ్చాను. తల్లి ప్రాణం ఎంత కొట్టుకుంటూ ఉంటుందో!

కోటేశ్వరమ్మ వద్దు వద్దంటున్నా నేను ఒక చోట కాయలు పక్కకు తోశాను. తోసిన కొద్దీ నల్లబండ. ఒక చోట మాత్రం తెల్లరాయి చార, మంచమంత వెడల్పు. దాని అంచు సుత్తితో కొట్టి పగలగొట్టి ఉంది. జేబులోని రాయి తీసి ఆ విరిగిన చోట పెట్టాను. కొద్దిగా తిప్పాను. అతికినట్టు కూర్చుంది.

"ఇక్కడ రాళ్లు కొట్టిందెవరమ్మా?"

"కోతకీ కోతకీ మధ్య బండ ఖాళీగా ఉన్నప్పుడు కంపెనీ మనుషులొచ్చి కొట్టుకెళ్లారు. మళ్లీ అడుగుపెడితే పలుగోలతో పొడుస్తానన్నా."

"మంగళవారం ఒక అమ్మాయి వచ్చిందా? బూట్లు వేసుకుని?"

"ఏ అమ్మాయీ రాలేదు."

అప్పుడు పందిరి కింద ఎవరో తుమ్మారు. ఒకటి కాదు, వరసగా నాలుగు. మిగిలిన ఆడవాళ్లు చేతిలో కాయలు ఆపి తలలు వంచుకున్నారు. ఏళ్ల తరబడి కళ్లాల్లో కూర్చున్నవాళ్లకి ఈ ఘాటు ఒక లెక్కా? తుమ్మింది కొత్త మనిషి. చివర కూర్చుంది. ముతక చీర, నలిగిన తువ్వాలు, ఎర్రబారిన కళ్లు. నేను రాయి ఎత్తి చూపించాను. అందరూ నన్ను చూశారు. ఆమె ఒక్కతే రాయిని చూసింది.

నా గుండె ఎగిరి గంతేసింది. బతికే ఉంది! శ్రీకృష్ణ చేతిలో మూడు కేసులు పోగొట్టుకున్న బాధంతా ఆ ఒక్క క్షణంలో తీరిపోయింది.

కోటేశ్వరమ్మ పలుగోల అడ్డం పెట్టింది. "అది మా చెల్లెలి కూతురు. పక్కకి జరగండి."

"భయపడకండమ్మా. స్తుతీ, నేను నిన్ను వెతకడానికి వచ్చినవాణ్ణి. మీ నాన్నగారు కూడా వచ్చారు."

ఆ పిల్ల లేచి నిలబడింది. తువ్వాలు కిందికి లాగింది. ఫోటోలోని ముఖమే. కానీ అందులో సంతోషం లేదు.

"మా నాన్నగారా?"

"అవునమ్మా. జక్రయ్య మాస్టారు. నిన్నటినుంచి నీకోసం తిండి కూడా..."

"మా నాన్న నేను ఇంటర్ చదివేటప్పుడే పోయారండీ," అంది.

గుంట ఒడ్డున కూతురి చెప్పులు వదిలేసి రాళ్లు లెక్క చూసుకున్న తండ్రి కళ్లముందు కదిలాడు. చూసి కూడా జాలిపడ్డాను. నాకంటే గాడిద నయం.

వెనక క్వాలిస్ ఆగిన చప్పుడైంది. శ్రీకృష్ణ పరుగెత్తుకుంటూ వచ్చాడు, సిలార్ వాడి వెనకాల.

"ఎక్కడ ఆ కంపెనీవాడు?"

"ఫోన్ చేసొస్తానని... ఊళ్లోకి వెళ్లాడు. నా కారులో."

శ్రీకృష్ణ తలపట్టుకున్నాడు. "కొంప ముంచావు కదరా! ఈ పిల్ల తల్లి నా కాళ్లమీద పడి ఏడ్చింది, ఎలాగైనా కూతుర్ని కాపాడమని. కంపెనీ మనుషులు పొదిలి రోడ్డంతా బళ్లు ఆపి వెతుకుతున్నారు. చచ్చిపోయిందని నమ్మితే తప్ప వాళ్లు దారి వదలరు. నానా తంటాలు పడి, సిలార్‌తో చెప్పులు, సంచి ఒడ్డున పెట్టించి, ఈ పిల్లని నీళ్లలో ముంచి చంపాను. పోలీసులు నమ్మారు, కంపెనీ నమ్మబోతోంది. ఎల్లుండి హైదరాబాదులో అధికారుల ముందు ఈ బండ రాళ్లు పెట్టి సాక్ష్యం చెప్పాల్సిన పిల్ల. నువ్వొచ్చి ఒక్క పూటలో బతికించావు!"

"వాడి ముందే చెప్పొచ్చు కదా, ఈమె తండ్రి కాదని!"

"చెప్తే ఆమె సంగతి నాకు తెలుసని వాడికి తెలిసిపోదా? అందుకే నిన్ను పక్కకి రమ్మన్నాను. వచ్చావా నువ్వు?"

రాలేదు. వాడు శ్రీకృష్ణ కాబట్టి రాలేదు. ఇంకెవరు పిలిచినా వెళ్లేవాణ్ణి. ఆ మాట ఒప్పుకోవడానికి నాలుక మీది మంటకంటే ఎక్కువ కష్టమైంది.

స్తుతి మాత్రం కంగారుపడలేదు. కోటేశ్వరమ్మ భుజం పట్టుకుని నిలబడి, నా కళ్లలోకి సూటిగా చూసింది.

"మీరాయనతో ఏమేం చెప్పారండీ?"

"అన్నీ చెప్పానమ్మా. నువ్వు బతికే ఉన్నావని, ఈ కళ్లంలోనే నీ జాడ దొరుకుతుందని."

"ఇక్కడినుంచి బయటికి ఇంకో దారి ఉందా?" అని శ్రీకృష్ణ అడిగాడు.

"వాగు దాకా ఎడ్లబండి బాట ఉంది. నీ కారు దిగబడుద్ది," అంది కోటేశ్వరమ్మ.

సిలార్ అప్పటికే బండమీద ఎత్తుగా ఉన్న చోటికి ఎక్కి రోడ్డువైపు చూస్తున్నాడు. ఉన్నట్టుండి చేతులు ఊపాడు. ఊరి మలుపు దగ్గర దుమ్ము లేచింది. దుమ్ములోంచి బళ్లు ఒక్కొక్కటే బయటపడ్డాయి. రెండు జీపులు, నిండా మనుషులు. వాటికి దారి చూపిస్తూ ముందు వస్తున్నది నా మారుతీయే.